చప్పుళ్ల దేశపు బండ్లు

మా బాపు మరమగ్గాల షెడ్డులో పనిచేసేవాడు. ఆ మోతలో ఎవరూ మాట్లాడుకోరు, చేతులతో సైగలు చేసుకుంటారు. ఇంటికొచ్చాక మాత్రం బాపు అరిచినట్టు మాట్లాడేవాడు. వాడకట్టంతా కోపిష్టి అన్నారు. ఒక్కరైనా ఆయన చెవుల సంగతి అడిగితే కదా!

చిన్నప్పుడు నేనాయన కోసం ఒక దేశం కల్పించాను. అక్కడ ఇండ్లు, మనుషులు, రోడ్లు అన్నీ చప్పుడుతో చేసినవే. ఆ దేశపు వ్యాపారులు మన సుల్తానాబాద్‌లో బియ్యం మిల్లు చప్పుడు బండ్లకెత్తి, ఇచ్చోడలో అమ్మి, అక్కడి వాన చప్పుడు కొనుక్కుని భైంసా పోయేవారు. ఆ దారిని నోటుబుక్కులో గీశాను. బాపు రోజూ అన్నం తింటూ, "ఇయ్యాల బండ్ల ఏం సప్పుడు వచ్చింది బిడ్డా?" అని అడిగేవాడు.

తర్వాత షెడ్డు మూతపడింది. అప్పటికే బాపుకు ఏమీ వినబడటం లేదు. మొన్న ఆ పాత నోటుబుక్కు తీసి, "బండి మనింటి ముందర ఆగింది. ఏం దింపమంటవు బాపూ?" అని రాసి చూపించాను.

ఆయన ఆ గీతల మీద చాలాసేపు వేలు పెట్టి చూశాడు.

"ఏం దింపొద్దు బిడ్డా. గీ మగ్గాల సప్పుడు జర ఎక్కించుకపొమ్మను. షెడ్డు బందైనా నా చెవులల్ల ఇంకా నడుస్తనే ఉన్నది."

నేను గీసిన దారిలో ఆ సరుకు దింపుకునే ఊరు ఒక్కటీ లేదు.