తాడు కింద తమ్ముడు

నవ్వు నాలుగు విధాల చేటంటారు గానీ, నౌరూజలీ ఇంట్లో పొయ్యి వెలిగేదే జనం నవ్వు మీద. గీలాన్ పల్లెల్లో వరికోతలయ్యాక తాడాట కడతారు. అన్న రహ్‌మతుల్లా తాడెక్కి నడిచే వస్తాదు. నౌరూజలీ కింద మొహానికి పిండి పూసుకుని, గజ్జెలు కట్టుకుని, అన్నను వెక్కిరించే కోణంగి.

కోణంగికి ఇంకో పనుంది, అది బయటికి చెప్పరు. పైన కాలు తడబడితే జనం చూపు కిందికి లాగెయ్యాలి. కొన్నేళ్లుగా అన్న మోకాలు పట్టు తప్పుతోంది. అప్పట్నుంచీ నౌరూజలీ పడని బురద లేదు. తాడు మీదున్నవాడు కిందికి చూడకూడదు కాబట్టి, రహ్‌మతుల్లాకు నవ్వులు వినబడడమే గానీ కారణం తెలీదు. ఒళ్లు మండిపోయేది.

"నా ఆట పాడుచెయ్యడానికే పుట్టావురా!"

"ఏం చెయ్యమంటావన్నా, నా కాళ్లే వంకర."

ఈసారి టెహరాన్ నుంచి ఫరీబా అనే అమ్మాయి కెమెరాతో దిగింది. గీలాన్ ఆటల మీద పారసీలో చిన్న డాక్యుమెంటరీ తీస్తుందట. నౌరూజలీకి కొత్త చిక్కొచ్చిపడింది. జనాన్ని ఏమార్చొచ్చు, రెప్ప వెయ్యని ఆ కంటినెట్లా ఏమార్చేది? అన్న జారడం అందులో పడితే దేశమంతా చూస్తుంది.

"నువ్వూ కనబడతావా?" అంది పెళ్లాం తూబా.

"కెమెరా పైకే చూస్తుందిలే."

"అయితే పిండి తక్కువ పూసుకో, రొట్టెలకన్నా మిగుల్తుంది."

సన్నాయి, డోళ్లు ఊపందుకున్నాయి. రహ్‌మతుల్లా నెత్తిన టీ కాచే సమోవర్‌తో తాడు మధ్యకొచ్చాడు. మోకాలు వణికింది. నౌరూజలీ కెవ్వున అరిచి, మడుగులో దూకి, దొరికిన బాతును చంకనపెట్టుకుని కెమెరా మీదికి ఉరికాడు. దాని కంటి అద్దాన్ని గట్టిగా ముద్దుపెట్టుకున్నాడు. బాతు కూడా తన వంతు తాను చేసింది, ఫరీబా బూటు మీద. ఆ పిల్ల నవ్వాపుకోలేక చతికిలబడింది. ఈలోగా పైనాయన నిలదొక్కుకుని అవతలి గట్టెక్కాడు.

చలికాలం పోయాక ఫరీబా వచ్చి బడిలో తెర కట్టింది. జనం కులూచే తీపి రొట్టెలు నములుతూ కూచున్నారు. రహ్‌మతుల్లా ముందు వరసలో మీసం దువ్వుతున్నాడు. తెర మీద సమోవర్, తాడు, తెలిసినవాడికి తప్ప కనబడని చిన్న వణుకు. అంతలోనే తెరనిండా పిండి మొహం, బాతు. బడి కప్పు ఎగిరిపోయేలా నవ్వారు. తూబా రుమాలు నోట్లో కుక్కుకుంది. రహ్‌మతుల్లా ఒక్కడే నవ్వలేదు.

"మళ్లీ వెయ్యమ్మా," అన్నాడు.

మళ్లీ వేసింది. మోకాలు వణికింది, తమ్ముడు దూకాడు.

"ప్రతిసారీ ఇందుకేనట్రా?"

"ఎందుకన్నా?"

"నోర్ముయ్." తమ్ముడి మెడ చుట్టూ చెయ్యేసి పక్కకు లాక్కున్నాడు. "ఇంకోసారి వెయ్యి తల్లీ. ఈసారి మావాడి ఆట చూస్తాను."