బోదురమ్మ కోసం మోకాళ్ల ప్రార్థన

మా క్రైస్తవ సంఘంలో ఒక ఆదివారం ఉదయం అరవై మంది ఒక కప్ప కోసం మోకాళ్ల మీద పడి ప్రార్థన చేశారు. ఆ కప్ప ఏ బావిలోనూ లేదు, ఏ వంకలోనూ లేదు. ఒక పాత ఫోన్లో బొటనవేలి గోరంత బొమ్మగా ఉంది, అంతే. ఆ అరవై మందిలో మోకాలి చిప్పలు అరిగిపోయినవాళ్లున్నారు, బీపీ బిళ్ల వేసుకోకుండా వచ్చినవాళ్లున్నారు, పొయ్యి మీద పప్పు పెట్టి వచ్చిన ఒక పెద్దమ్మ కూడా ఉంది. వాళ్లందరినీ అట్ల నేలకు దించిన మహానుభావుడెవరో మీరు అడగకపోయినా చెబుతాను. నేనే.

అప్పటికి నాకు ముప్పై రెండేళ్లు. మార్కాపురంలో బోరు మోటార్ల విడిభాగాల అంగడి. మొహాన గడ్డం. ఆ గడ్డాన్ని చూసి రైతులు "అన్నా" అని మర్యాదగా పిలిచేవాళ్లు. పాపం, వాళ్లు లేని సమయంలో ఆ అన్న కౌంటరు కింద ఫోను పెట్టుకొని బొమ్మ జంతువులను పడుతున్నాడని వాళ్లకేం తెలుసు!

ఆట తెలియనివాళ్లకు రెండు ముక్కల్లో చెబుతాను. గడ్డిలో నడిస్తే వింత జంతువులు ఎగిరి మీదికొస్తాయి. వాటిని పట్టాలి, పెంచాలి. ఊరికొక ఉస్తాదు ఉంటాడు, వాడి జంతువులతో మన జంతువులను కొట్లాడించి గెలవాలి. నీళ్ల జంతువు నిప్పు జంతువును ఓడిస్తుంది, నిప్పు జంతువు ఆకుల జంతువును కాల్చేస్తుంది. ఇంతే. ఈ ఇంతే అన్నదాన్ని నేను కాలేజీ రోజుల నుంచి పదకొండుసార్లు మొదలుపెట్టి పదకొండుసార్లు ముగించాను. పరీక్షల పుస్తకాన్ని అందులో సగం సార్లు తిరగేసినా ఈ పాటికి ఎక్కడో ఫ్యాను కింద సంతకాలు పెడుతుండేవాణ్ణి.

ఆ ఏడాది మా నాయనకు కాలు విరిగింది. ఆయన పేరు ఏసుదాసు. ముప్పై ఏళ్లు పలకల ఫ్యాక్టరీలో పనిచేసిన మనిషి. లారీలోకి పలకల పెట్టెలు ఎక్కిస్తూ జారిపడ్డాడు. మూడు నెలలు మంచం దిగకూడదన్నారు. పని లేకుండా పది నిమిషాలు కూర్చోలేని మనిషిని మూడు నెలలు పడుకోబెడితే ఏమవుతుంది? మా అమ్మ బియ్యం ఎట్ల చెరగాలో చెప్పడం మొదలుపెట్టాడు. నాలుగో రోజున అమ్మ నా అంగడికొచ్చి, "మీ నాయనకు ఏందన్నా పని చూపిస్తావా, నన్ను మా పుట్టింటికి పొమ్మంటావా?" అంది.

నా పాత ఫోన్లో ఆ ఆట ఎక్కించి ఇచ్చాను.

నాయనకు ఇంగ్లీషు రాదు. తెలుగు కూడబలుక్కొని చదువుతాడు. కానీ ఆయన జ్ఞాపకశక్తి గురించి మీకు చెప్పాలి, ఎందుకంటే ఈ కథంతా దాని మీదే నిలబడి ఉంది. మా సంఘంలో పాటలెత్తేది ఆయనే. పుస్తకం తెరవడు. పాస్టరు అయ్యగారు నంబరు చెప్పగానే పల్లవి అందుకుంటాడు, ఆఖరి చరణం దాకా ఒక్క మాట తప్పడు. పుస్తకంలో అచ్చుతప్పు ఉందని ఒకసారి పుస్తకం చూడకుండానే చెప్పిన మనిషి.

అట్లాంటి మనిషి ఆటను కూడా పాటల్లాగే కంఠస్థం చేశాడు. తెర మీది ఇంగ్లీషు వరసల్లో మూడోది నొక్కితే మందు, రెండోది నొక్కితే దెబ్బ. ఆటలోని ఊళ్లకు మా ఊళ్ల పేర్లే పెట్టుకున్నాడు. మొదటి పల్లె తర్లుపాడు. సరుకులు అమ్మే ఊరు పొదిలి. చీకటి గుహ ఉన్న కొండ, గిద్దలూరు ఘాటు. జంతువులకూ ఆయన పేర్లే. కొమ్ములెలుక, ఇటుకమనిషి, వాటన్నిటికీ పెద్దదిక్కుగా బోదురమ్మ. బోదురమ్మ అంటే నీళ్లు చిమ్మే నీలం కప్ప. దాన్ని మొదటి రోజు నుంచి పెంచాడు. నాకు ఎన్ని మార్కులొచ్చాయో ఎప్పుడూ అడగని నాయన, బోదురమ్మ ఎన్నో తరగతికి వచ్చిందో రోజూ అమ్మకు చెప్పేవాడు.

ఇక నా ఘనకార్యం. పదకొండుసార్లు ఆడినవాడికి పన్నెండోసారి విసుగు రాదా? విసుగొస్తే మంచివాడు ఆట మానేస్తాడు. నేను ఇంటర్నెట్‌లో వెతికాను. ఆటనంతా తారుమారు చేసే ఒక చిన్న ప్రోగ్రాం దొరికింది. ఏ గడ్డిలో ఏ జంతువు రావాలో, ఏ అంగట్లో ఏ సరుకు అమ్మాలో కలిపేస్తుంది. ఏ దెబ్బకు ఏ గుణం ఉండాలో మార్చేస్తుంది. బొమ్మ అదే, పేరు అదే, లోపల సరుకు వేరు. చూడ్డానికి నీళ్లు చిమ్మినట్టే ఉంటుంది, తగిలేది నిప్పు. "మళ్లీ కొత్తగా ఆడినట్టే ఉంటుంది" అని రాశారు. పెళ్లి భోజనంలో సాంబారు, పాయసం, పెరుగు ఒకే బకెట్టులో పోసి కలిపి, ఇదిగో కొత్త వంట అన్నట్టు. నేను ఆ బకెట్టు ముందు విస్తరి వేసుకొని కూర్చున్నాను.

ఆ రోజు నా కొత్త ఫోను ఛార్జింగులో ఉంది. నాయన నిద్రపోతున్నాడు. ఆయన ఫోను తీసుకొని, తారుమారు చేసిన ఆటను అందులోకి ఎక్కించి, అక్కడి నుంచి తర్వాత నాది నేను తీసుకోవచ్చనుకున్నాను. ఫోను ఏదో అడిగింది. "ఈ పేరుతో ఒకటి ఉంది, దాని స్థానంలో పెట్టమంటారా?" అని అడిగిందని ఇప్పుడు తెలుసు. అప్పుడు చదివితే కదా! అవును నొక్కాను. నా జీవితంలో నేను చదవకుండా నొక్కిన అవునులు చాలా ఉన్నాయి. ఇంత ఖరీదైనది ఇంకోటి లేదు.

మర్నాడు అంగడికి నాయన ఫోను చేశాడు.

"రేయ్ శామ్యూలూ, బోదురమ్మకు ఏందో అయిందిరా."

"ఏమయింది నాయనా?"

"నీళ్లు కొడితే ఎదుటోడు కాలిపోతన్నాడు. తర్లుపాడు గడ్డిలో పురుగులు గదా వచ్చేది? ఇయ్యాల కొండంత పాము వచ్చింది. రెక్కలు గూడా ఉండాయి దానికి."

ఎదురుగా ఇద్దరు రైతులు నిలబడి ఉన్నారు. నేను విసుగ్గా ఒక మాట అన్నాను. పాఠకులారా, ఈ కథలో నన్ను తిట్టాలనుకుంటే ఇక్కడ తిట్టండి, మిగతా చోట్ల దాచుకోండి.

"నువ్వే మర్చిపోయి ఉంటావు నాయనా. వయసు గదా."

"అంతేనేమో" అని నాయన పెట్టేశాడు.

సాయంత్రం నా ఫోన్లో ఆట వెతికితే లేదు. దాన్ని నాయన ఫోన్లోనే, ఆయన ఆట మీదే ఎక్కించి వచ్చానని అప్పుడు వెలిగింది. పరిగెత్తుకుంటూ ఇంటికి పోయి చెప్పి ఉండాల్సింది. రేపు చెబుతాంలే అనుకున్నాను. రేపు అమ్మ ఎదురుగా ఉంది, సిగ్గేసింది. ఎల్లుండి నాయన ఏమీ అడగలేదు గనక, సర్దుకున్నాడులే అనుకున్నాను. ఒక తప్పును దాచడానికి నేను పడిన శ్రమలో పావు వంతు పడితే తప్పే జరిగేది కాదు.

నాయన అడగకపోవడానికి కారణం సర్దుకోవడం కాదు. భయపడ్డాడు. అది నాకు అమ్మ వల్ల తెలిసింది.

"మీ నాయనకు మతి తప్పుతందిరా. పొదిలిలో మందులమ్మే చోట గొడుగులు అమ్ముతన్నారంట. పొదిలిలో ఎవురు అమ్ముతన్నారు, నువ్వు మంచం దిగి ఎప్పుడు పోయినావు అంటే చెప్పడు."

"ఏం కాదులే అమ్మా."

"నువ్వూరుకో. నేను పరీక్ష పెట్టినా. నా పుట్టినూరు ఏదంటే దర్శి అని సరిగ్గానే చెప్పినాడు. మన పెళ్లి ఏ తారీకు అంటే తెలవదన్నాడు."

"అది ముందు నుంచీ తెలియదు గదమ్మా."

"అదీ నిజమే" అని అమ్మ కాస్త తేరుకుంది. అయినా ఆ రోజు నుంచి ఆయనకు మునగాకు మొదలైంది. పొద్దున మునగాకు పప్పు, మధ్యాహ్నం మునగాకు వేపుడు, సాయంత్రం మునగాకు రసం. నాయన మేకపిల్లలాగా తలొంచుకొని తినేవాడు. నేను ఎదురుగా కూర్చొని కోడిగుడ్డు తినేవాణ్ణి. ఆ కోడిగుడ్డు నా గొంతులో ఎట్ల దిగిందో ఇప్పటికీ నాకు అర్థం కాదు.

ఆట తారుమారైన మూడో ఆదివారం, మూడు నెలలు నిండకపోయినా, నాయన చేతికర్ర పట్టుకొని గుడికి వచ్చాడు. పడిపోయాక అదే మొదటిసారి రావడం. అందరూ సంతోషంగా ఆయన పాటెత్తుతాడని చూస్తున్నారు. అయ్యగారు, "ప్రార్థన మనవులున్నవాళ్లు చెప్పండి" అన్నారు. నాయన లేచాడు.

"అయ్యగారూ, సంఘానికి వందనాలు. ఇయ్యాల్టి నుంచి నేను పాటలెత్తను. ఇంకెవురికన్నా అప్పగిచ్చండి."

పాటల పుస్తకాలు తెరిచినవాళ్లు వాటిని మూసేశారు.

"అదేంది ఏసుదాసూ? కాలు విరిగితే గొంతుకేమయింది?" అన్నారు అయ్యగారు.

"గొంతు బాగానే ఉంది అయ్యగారూ. మతి పోతంది. నేను చేతులారా పెంచిన బోదురమ్మ, నీళ్లు కక్కేది, ఇప్పుడు నిప్పు కక్కుతంది. అది ముందు నుంచీ నిప్పేనా, నేనే నీళ్లనుకున్నానా, తెలవడం ల్యా. ఒక కప్పను గుర్తు పెట్టుకోలేనోణ్ణి దేవుని సన్నిధిలో ఇన్ని పాటలు ఏం గుర్తు పెట్టుకుంటా? మధ్యలో మర్చిపోతే అవమానం నాకు కాదు, పాటకు."

నేను ముందు కూర్చున్నాయన వీపు చాటుకు జరిగాను.

ఆడవాళ్ల వైపు నుంచి పప్పు పెట్టి వచ్చిన పెద్దమ్మ, "బోదురమ్మ ఎవురే మార్తమ్మా? మీ ఆడబిడ్డా?" అని అమ్మను గట్టిగానే అడిగింది.

"కప్పంట వదినా" అంది అమ్మ, కొంగు నోటికి అడ్డం పెట్టుకొని.

"నిప్పులు కక్కే కప్పా! స్తోత్రం, స్తోత్రం!"

అయ్యగారు కళ్లజోడు తీసి, తుడిచి, మళ్లీ పెట్టుకున్నారు. ఆయన చదువుకున్న బైబిలు కాలేజీలో దీని గురించి చెప్పినట్టు లేదు. "మోకరిద్దాం" అన్నారు. అరవై మందీ మోకరించారు. "ప్రభువా, నీ సేవకుడైన ఏసుదాసును జ్ఞాపకం చేసుకో. ఈ కప్ప విషయమై ఆయనకున్న కలవరాన్ని తొలగించు..."

నేను చివరి వరసలో, ఒక కన్ను తెరిచి చూశాను. ముందు వరసలో నాయన మోకరించలేక, కట్టు కాలు చాపుకొని, తల చేతికర్రకు ఆనించి ఉన్నాడు. ఇక నా వల్ల కాలేదు.

"అయ్యగారూ, ఆపండి! నాయన మతి బాగానే ఉంది. పోయింది నాది."

అరవై తలలు వెనక్కి తిరిగాయి.

"ఏందిరా నువ్వనేది?" అన్నారు అయ్యగారు.

"ఆ ఆటలో జంతువులన్నిటినీ నేనే తారుమారు చేసినాను. పొరపాటున నాయన ఫోన్లో పడింది."

"ఎందుకు చేసినావు?"

"కొత్తగా ఉంటుందని."

"ఎప్పుడు తెలిసింది పొరపాటని?"

ఆ ప్రశ్న అడగకుండా ఉంటే బాగుండేది. "మర్నాడే" అన్నాను.

"పదహైదు రోజులు మునగాకు పెట్టినాను గదరా దొంగ సచ్చినోడా!" అని అమ్మ అరిచిన అరుపుకు కిటికీ మీది పావురం లేచిపోయింది. గుడిలో అనకూడని మాట అని ఎవరూ అనలేదు. అయ్యగారు కూడా ఆమేన్ అన్నట్టు తలూపారు.

నాయన మెల్లగా తల తిప్పి ఒక్కటే అడిగాడు.

"అయితే నేను మర్చిపోలేదు?"

"లేదు నాయనా."

"బోదురమ్మ ముందు నీళ్లే?"

"నీళ్లే నాయనా."

ఆయన కర్ర పట్టుకొని లేచాడు. అయ్యగారు నంబరు చెప్పలేదు. ఆయనే పాటెత్తాడు. ఎప్పుడూ మూడు చరణాలు పాడి ఆపే పాట అది. ఆ రోజు తొమ్మిది చరణాలూ, ఎవరికీ గుర్తు లేనివి కూడా, ఒంటికాలి మీద నిలబడి పాడాడు. ప్రతి చరణం చివర నా వైపు చూశాడు. తొమ్మిది చూపులు. ఆ పెద్దమ్మ పప్పు మాడిపోయిందని తర్వాత తెలిసింది. అది కూడా నా లెక్కలోనే.

ఇంటికొచ్చాక, పాత ఆటను మళ్లీ ఎక్కిస్తానన్నాను.

"ముట్టుకుంటే చెయ్యి ఇరగ్గొడతా. పదహైదు రోజులు తిప్పలు పడి ఇప్పుడిదంతా నోటికొచ్చింది. పొదిలిలో గొడుగులైతే గొడుగులే" అన్నాడు. అంటే ఆ మనిషి మతి పోయిందని ఏడుస్తూనే, తారుమారైన లోకాన్ని మొత్తం కంఠస్థం చేశాడు! నేను ఆ ఆటను నా ఫోన్లో ఎక్కించుకొని రెండు రోజులకే వదిలేశాను. నాకు ఏదీ గుర్తుండలేదు.

కథ ఇక్కడితో అయిపోయిందనుకున్నాను. నాయన అనుకోలేదు.

కాలు బాగయ్యాక ఒకరోజు, నేను సరుకు కోసం గిద్దలూరు పోతూ ఆయన్ను అంగడిలో కూర్చోబెట్టాను. సాయంత్రం తిరిగొచ్చేసరికి తర్లుపాడు రైతు ఒకాయన ఆత్రంగా నిలబడి ఉన్నాడు. మిరప తోట ఎండిపోతోంది, మోటారుకు బేరింగు కావాలి. నా అంగడిలో రెండొందల పైచిలుకు డబ్బాలున్నాయి. ఏ డబ్బాలో ఏముందో పేరు రాసి అంటించాను. బేరింగుల డబ్బా తెరిచాను. అందులో క్లాంపులు. క్లాంపుల డబ్బా తెరిచాను. వాషర్లు. వాషర్ల డబ్బాలో ఫ్యూజులు. ఫ్యూజుల డబ్బాలో, నిజం చెబుతున్నాను, అరకిలో వేరుశనగకాయలు.

"ఏంది నాయనా ఇది?"

నాయన మూలన స్టూలు మీద కూర్చొని బోదురమ్మను ఆడించుకుంటున్నాడు. తలెత్తలేదు.

"పదేండ్ల నుంచీ ఒకే అంగడి చేస్తన్నావు గదా, ఇసుగు రాదా? కలిపినా. డబ్బా అదే, పేరు అదే. కొత్తగా ఉంటది."

"కొత్తది తర్వాత మామా, నా బేరింగు ఏదీ?" అన్నాడు రైతు.

నాయన కూర్చున్నచోటి నుంచే, "పై అర, ఎడమ నుంచి ఏడో డబ్బా" అన్నాడు. తీస్తే బేరింగే. రైతు దండం పెట్టి పరిగెత్తాడు.

నాకు ప్రాణం లేచొచ్చింది. "అయితే మిగతావి ఎక్కడెక్కడ పెట్టినావో కూడా గుర్తుందా నాయనా?"

"గుర్తుండక? నా మతికేం కాలేదని సంఘం ముందర నువ్వే గదా చెప్పింది."

"మరి చెప్పు."

"చెప్పను. నువ్వు మర్చిపోయి ఉంటావు. వయసు గదా."

అందువల్ల ఇదిగో, అరవై మంది మోకాళ్ల సాక్షిగా, మాడిన పప్పు సాక్షిగా ప్రమాణం చేస్తున్నాను. ఫోను అడిగిన ఏ ప్రశ్నకూ చదవకుండా అవుననను. కుదురుగా ఉన్న ఏ లోకాన్నీ కొత్తదనం కోసం కలపను. నా చేతి తప్పును ఇంకొకరి మతి మీదికి తొయ్యను. ముఖ్యంగా మా నాయన మతి మీదికి.

ఫ్యూజులు మాత్రం ఇంతవరకూ దొరకలేదు. ఎక్కడున్నాయో ఆయనకు తెలుసు.