సగం ధరకొచ్చిన కాఫీ మిషను

కాఫీ ఆలస్యమైతే మా ఆయన చెయ్యి లేచేది. ఈ మాట ఇన్నాళ్ళూ నలుగురిలో అనలేదు. ఇప్పుడు దాచిపెట్టి ఎవరి పరువు నిలబెట్టాలి కనుక? లేచేది, పడేది. ఒక్కోసారి చెంప మీద, ఒక్కోసారి వీపు మీద. కొట్టాక అదే గ్లాసులో అదే కాఫీ తాగేసి, మీసం తుడుచుకుని షెడ్డులోకి వెళ్ళిపోయేవాడు.

నూజివీడులో మాది మామిడి వ్యాపారం. వీధి వైపు షెడ్డు, వెనక ఇల్లు, మధ్యలో పెరడు. ఏప్రిల్ వచ్చిందంటే చాట్రాయి నుంచి ఎడ్లబళ్ళు, మైలవరం వైపు నుంచి లారీలు తెల్లవారకముందే గుమ్మం ముందు నిలబడేవి. మా షెడ్డుకొక ఆచారం ఉంది. బేరం మాట ఎత్తే ముందు కాయ తెచ్చిన రైతు చేతిలో మా ఇంటి కాఫీ ఉండాలి. హోటల్ నుంచి తెప్పించకూడదు, ఇంటి కోడలు కలిపిందే ఇవ్వాలి. ఆ కాఫీ తాగినవాడు ఇక పక్క షెడ్డు మెట్లెక్కడు, ఎక్కితే ఊరంతా నవ్వుతుంది. కాఫీ రావడం ఆలస్యమైతే మాత్రం "సరేనండీ, మళ్ళీ వస్తాం" అని బండి తోలుకుని పోతాడు. పోయిన కాయ మళ్ళీ రాదు. ఆ కోపమంతా నా మీద తీర్చుకునేవాడు ఆయన.

అంతమందికీ ఒక్క ఫిల్టరు, ఒక్క వత్తుల స్టవ్వు. డికాక్షన్ దిగనంటే దిగదు. పై గిన్నెను గరిటెతో కొడుతూ "దిగవే ముండా, దిగు" అని దాన్ని తిట్టేదాన్ని. నాకూ కోపం తక్కువేం కాదు. ఒకరోజు కాలిపోతున్న ఫిల్టరును ఎత్తి గోడకేసి కొట్టాను. ఆ మరక మీద రెండుసార్లు సున్నం వేసినా పోలేదు. ఆ పూట నాకు పడినవి వేరే చెప్పాలా! గోరుచుట్టు మీద రోకటి పోటు.

అది ఎనభైల్లో. ఒక ఏడు మార్చిలో, చెట్ల మీద ఇంకా పిందెలుండగా, ఆయన నన్ను బెజవాడ ఎగ్జిబిషన్‌కి తీసుకెళ్ళాడు. బొంబాయి మిఠాయి, అప్పడాలు, జెయింట్ వీలు, అన్నీ చూసి వస్తుంటే చివరి కొట్లో కనపడింది అది. ఎస్ప్రెస్సో కాఫీ మిషను. పెళ్ళిళ్ళలో వంటవాళ్ళు తెచ్చే ఏనుగంత మిషను కాదు, ఇంట్లో పెట్టుకునేది. నిగనిగలాడే ఇత్తడి గోపురం, నల్లటి పిడి, ముందు గడియారంలాంటి అద్దంలో ఎర్ర ముల్లు. కింద పంపు స్టవ్వు పెడితే చాలు, కరెంటు పోయినా పనిచేస్తుందన్నాడు అమ్మేవాడు. మీట తిప్పాడు. పైపు పాలగిన్నెలో బుస్సుమంది. పాలు పొంగి నురగ గిన్నె అంచు దాటింది. రెండు నిమిషాల్లో కప్పు నా చేతిలో ఉంది.

"ఆదివారం దాకే సగం ధర మేడమ్. సోమవారం వచ్చి అడిగితే నేనే ఉండను" అన్నాడు.

రెండు నిమిషాలు! నాకు ఇంకేమీ వినపడలేదు. ఇత్తడి మెరుపు నాకెందుకు? రెండు నిమిషాల్లో కాఫీ వస్తే నా చెంప మిగులుతుంది. నాకు కావలసింది అంతే.

ఆయన దాని చుట్టూ రెండుసార్లు తిరిగాడు, తోట కొనేముందు చెట్టు చుట్టూ తిరిగినట్టు. మూత తట్టి చూశాడు. "చూద్దాంలే" అని నా రెక్క పట్టుకుని బయటికి నడిపించాడు.

మూడు రోజులు ఇల్లు ఇల్లులా లేదు. మిషను సంగతి వినగానే అత్తయ్య మంచం మీద నుంచి లేచి కూర్చుంది.

"పిచ్చి ముదిరింది, రోకలి తలకు చుట్టమందట! మా రోజుల్లో ఇయ్యన్నీ ఉన్నాయా? చేతులు లేవా నీకు?"

"చేతులున్నాయి అత్తయ్యా. చెంపలు కూడా ఉన్నాయి" అన్నాను.

ఆవిడకు కుడి చెవి ఒక్కటే పనిచేస్తుంది. ఎడమది మా మావయ్యగారు ఉన్న రోజుల్లోనే పోయింది. ఎలా పోయిందో ఆ ఇంట్లో అందరికీ తెలుసు, ఎవరూ అనరు. నా మాట ఏ చెవిన పడిందో గాని, ఆవిడ మళ్ళీ అటు తిరిగి పడుకుంది.

శనివారం పొద్దున ఒక బండి వెళ్ళిపోయింది. ముందుగా కోతకొచ్చిన కాయ, మంచి కాయ. డికాక్షన్ దిగేలోపు రైతు లేచాడు. ఆయన పెరడు దాటి వంటింట్లోకి వచ్చి, స్టవ్వు ముందు కూర్చున్న నన్ను జడ పట్టుకుని లేపి ఒక్కటిచ్చాడు. కింద పెదవి పళ్ళకు తగిలి చిట్లింది. నోట్లో రక్తం ఉమ్మేసి, అప్పుడన్నాను. ఏడవలేదు. గట్టిగానే అన్నాను.

"ఆ మిషను కొనండి. నా కోసం వద్దు. ఢిల్లీ షావుకారు కాయ కొనడానికి వస్తాడుగా సీజన్లో, మీ షెడ్డులో అది చూస్తే మీ వంక ఇంకోలా చూస్తాడు. పక్క షెడ్డువాళ్ళకుందా అలాంటిది?"

ఎక్కడ తట్టాలో తెలిసే తట్టాను. ఆయన చెయ్యి దిగింది. ఆదివారం మొదటి బస్సుకి బెజవాడ వెళ్ళి, సాయంత్రం గడ్డిలో పొదిగిన పెట్టెతో దిగాడు. అప్పటికి నేను గెలిచాననుకున్నాను. నా నోటితో నేనే దాన్ని వంటింట్లోకి రాకుండా చేసుకున్నానని మర్నాడు తెలిసింది. తిన్నగా తీసుకెళ్ళి షెడ్డులో, షావుకార్లు కూర్చునే కుర్చీల పక్కన బల్ల మీద పెట్టించాడు. కాఫీ ఇంటి కోడలు కలిపిందే ఇవ్వాలి కాబట్టి రోజూ కొంగు కప్పుకుని, మగవాళ్ళ మధ్య నిలబడి మీట తిప్పేదాన్ని.

ఒకటి మాత్రం నిజం. నెలన్నర పాటు కాఫీ ఆలస్యమైందని ఏ బండీ వెళ్ళిపోలేదు. నెలన్నర పాటు ఆ వంకతో నన్ను కొట్టలేదు. నురగ సరిగ్గా రాలేదని ఒకసారి, ఎవరో షావుకారుతో నవ్వానని ఇంకోసారి, గాలిదుమారానికి కాయ రాలిపోయిందని ఆ రాత్రంతా కొట్టాడు. వంకలకేం కరువు!

ఆ మిషనుకొక పేచీ ఉంది. ఆవిరి పాలల్లోకి వదిలే ముందు పైపులో నిలిచిన నీళ్ళు బయటికి వదలాలి, లేకపోతే పాలు నీళ్ళవుతాయి. అందుకని ఒక పాత సత్తుగిన్నె పెట్టి అందులో వదిలేదాన్ని. షెడ్డులో నీళ్ళు నేల మీద పడితే అత్తయ్యే అరిచేది. కాయ మగ్గబెట్టే కార్బైడు ఉండే చోటు కదా. బూడిదరంగు రాళ్ళు అవి. చిన్న చిన్న కాగితం పొట్లాలు కట్టి గడ్డిలో కాయల మధ్య పెడతారు. తడి తగిలిందో, బుసకొట్టి గ్యాసు వదులుతుంది. ఆ గ్యాసుకు నిప్పు తగిలితే ఇక అంతే. మామిడి ఇళ్ళలో పాకే పిల్లలకు కూడా నేర్పుతారు ఈ సంగతి.

మే నెలలో ఢిల్లీ షావుకారు వచ్చాడు. ఆ పొద్దున పొట్లాలు కట్టే ముసలమ్మ కార్బైడు డబ్బా మూత తీసి బల్ల దగ్గర కూర్చుని ఉంది. షావుకారు కారు ఆగగానే ఆయన కంగారుగా "లే లే, అటుపో" అని ఆమెను గదిమి, డబ్బాను కాలితో బల్ల కిందకు నెట్టాడు. మూత ముసలమ్మ చేతిలోనే ఉండిపోయింది.

నేను నీళ్ళ బకెట్టుతో వచ్చాను. "ఏవండీ, కింద డబ్బా ఉంది, తీయించండి" అన్నాను మెల్లగా.

"నోర్మూసుకుని కాఫీ పెట్టు" అన్నాడు పళ్ళు బిగబట్టి, షావుకారు వైపు నవ్వుతూ.

స్టవ్వుకు పంపు కొట్టాను, హోరుమంది. ముల్లు ఎర్రగీత దాకా వచ్చింది. గిన్నె పైపు కింద పెట్టబోతే, ఆయన దాన్ని చూశాడు. నల్లగా మాడి, సొట్టలు పడిన గిన్నె. ఇత్తడి మిషను పక్కన, ఢిల్లీవాడి ముందు! చేత్తో ఒక్క విసురు విసిరాడు. గిన్నె వెళ్ళి గోడకు కొట్టుకుంది. దాంతోపాటే మోచేతితో నా డొక్కలో పొడిచాడు, ఎవరికీ కనపడకుండా. "వదులు" అన్నాడు.

వదిలాను. వేడినీళ్ళు బల్ల మీద పడి, అంచు మీద నుంచి ధారగా కిందికి దిగాయి. బుస వినపడింది. షెడ్డులో ఎప్పుడూ ఉండే కార్బైడు వెల్లుల్లి వాసన ఒక్కసారిగా ముక్కు పగిలేంత వచ్చింది. ఆయన మొహం మారింది. వంగి, కుడిచేత్తో డబ్బా అంచు పట్టుకుని బయటికి లాగాడు.

ధబ్బుమంది. బల్ల పైకెగిరింది. మిషను బోర్లాపడి మూత ఊడి ఆవిరి షెడ్డంతా కమ్మింది. డబ్బాలోంచి మనిషెత్తు మంట. షావుకారు చెప్పులు వదిలేసి వీధిలోకి పరుగెత్తాడు. గడ్డి అంటుకుంది. ఆయన నేల మీద పడి ఉన్నాడు, చొక్కా చెయ్యి మండుతోంది, డబ్బా మూరెడు దూరంలో మండుతోంది.

"నీళ్ళు! నీళ్ళు పొయ్యవే! ఒసేయ్, పొయ్యవే!"

పక్కన పెట్టిన నీళ్ళ బకెట్టు ఎప్పుడు అందుకున్నానో, నా చేతుల్లో ఉంది. నిండుగా ఉంది.

పోస్తే ఏమవుతుందో నాకు తెలుసు. ఆయనకూ తెలుసు, ఆ మంటలో మర్చిపోయాడు. ఆ బకెట్టు కుమ్మరిస్తే డబ్బాలో మిగిలిందంతా ఒక్కసారి లేస్తుంది, ఆయన మిగలడు. పొయ్యమంటున్నది ఆయనే. మొగుడు చెప్పినట్టు చేసిందంటారు. పాపం, కంగారులో తెలియక పోసిందంటారు. నన్నెవరూ ఒక్క మాట అనరు. ఇవన్నీ నేను ఆలోచించాను. నిలబడి, బకెట్టు గుండెల దాకా ఎత్తి, ఆలోచించాను. ఆయన నా వంకే చూస్తున్నాడు.

ఎంతసేపో తెలియదు. తర్వాత బకెట్టు దించాను. తడిపిన గోనె కాదు, పొడి గోనెపట్టా లాగి ఆయన చెయ్యి చుట్టేసి, కాళ్ళు పట్టి దూరంగా ఈడ్చాను. ముసలమ్మ గంపతో ఇసక తెచ్చి కుమ్మరించింది. జనం వచ్చారు.

నూజివీడంతా నన్ను మెచ్చుకుంది. "ఎంత నిబ్బరం తల్లీ! ఇంకోరయితే కంగారులో నీళ్ళు కుమ్మరించేవాళ్ళు" అన్నారు. పక్క షెడ్డువాళ్ళు కూడా వచ్చి చూసి పోయారు. నేను తల వంచుకుని కూర్చున్నాను. సిగ్గుపడుతున్నానని అనుకున్నారు.

ఆసుపత్రి నుంచి వచ్చాక, ఒక మధ్యాహ్నం ఆయన అడిగాడు. పడక్కుర్చీలో ఉన్నాడు, కట్టు కట్టిన చెయ్యి ఒళ్ళో పెట్టుకుని. అత్తయ్య గుమ్మంలో కూర్చుని బియ్యం ఏరుతోంది.

"వెంటనే ఎందుకు దించలేదు బకెట్టు?" అన్నాడు.

ఎందుకు పొయ్యలేదని కాదు. ఎందుకు దించలేదని.

"దించానుగా" అన్నాను.

"ఎత్తావు ముందు."

"అవునండీ. ఎత్తాను" అన్నాను.

ఆయన కిటికీ వైపు తిరిగాడు. నేను లోపలికి వెళ్ళి పాత ఫిల్టరులో డికాక్షన్ వేశాను. అది తన పాటికి తను మెల్లగా దిగింది. కాఫీ కలిపి తెచ్చి ఇచ్చాను. బాగా ఆలస్యమయింది. ఆయన ఎడమ చేత్తో గ్లాసు అందుకుని, పెదవి దాకా తీసుకెళ్ళి, ఆగి, నా మొహం చూశాడు. తర్వాత తాగాడు. బతికినన్నాళ్ళూ అంతే, నా చేతి కాఫీ నా మొహం చూడకుండా తాగలేదు.

కుడిచెయ్యి వేళ్ళు ముడుచుకుపోయి మళ్ళీ తెరుచుకోలేదు. ఎడమ చెయ్యి బాగానే ఉంది. అదీ లేవలేదు.

సొట్టపడిన ఇత్తడి గోపురం పెరట్లో పడుంటే, పాతసామాన్లవాడికి వేద్దామని నేను తీస్తున్నాను. అత్తయ్య వచ్చి, "ఉండనీవే" అని నా చేతిలోంచి తీసుకుంది. కొంగుతో మసి తుడిచింది. ఎడమ చెవి మీద చెయ్యి వేసుకుని, దాని వంక చూస్తూ అంది.

"మా రోజుల్లో ఇయ్యి అమ్మేవాళ్ళు కాదే, అమ్మాయ్."