అక్క కంప్యూటర్‌లో అమ్మ ముగ్గులు

తాండూరులో అక్కకు జాకెట్ల మీద ఎంబ్రాయిడరీ వేసే దుకాణం ఉంది. కుట్టు మిషన్‌ను నడిపేది ఒక ముసలి కంప్యూటర్. కొత్త ఆపరేటింగ్ సిస్టమ్ వేస్తే మిషన్ దాని మాట వినదు. అందుకే పాతదానితోనే నెట్టుకొస్తోంది. ఒకరోజు అదీ తెరుచుకుంటూ సగంలోనే ఆగిపోయింది.

వికారాబాద్‌లో పిల్లలకు కంప్యూటర్ పాఠాలు చెప్పుకునే నాకు ఫోన్ చేసింది.

"చెల్లె, జర జల్ది రా. అమ్మ ముగ్గులన్నీ అండ్లనే ఉన్నయే."

అమ్మ పోయాక, వాకిట్లో ఆమె వేసే ముగ్గులను తలచుకుంటూ అక్క ఒక్కొక్కటే డిజైన్లుగా గీసి పెట్టింది. ఇంకోచోట కూడా దాచమని ఎన్నిసార్లు మొత్తుకున్నానో! "కండ్ల ముందట్నే ఉన్నయి గదా" అనేది. నాకు ఒళ్లు మండింది. కోపం కన్నా భయమే ఎక్కువ.

పాత సిస్టమ్‌ను పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించుకుని రైలెక్కాను. ఉత్తగా కాపీ చేస్తే చాలదు, కంప్యూటర్ లేవగానే ముందు దాన్నే చదివేలా తయారుచేయాలి. తీరా తాండూరులో పెడితే కంప్యూటర్ దాని వంక కూడా చూడలేదు. లాప్‌టాప్ తెరిచి, పాత కంప్యూటర్లకు తగ్గట్టు మళ్లీ తయారుచేశాను. ఊహూఁ. విసుగొచ్చి ఫోన్ లైటు వేసి చూస్తే, పెన్‌డ్రైవ్ పెట్టే రంధ్రం నిండా గడ్డకట్టిన గంధం, కుంకుమ.

"దసరాకు పూజ చేసిన. బొట్టు ఏడ పెట్టాలె మరి?"

"నోట్లె పెడ్తరా అక్కా?"

ఇద్దరం పడీ పడీ నవ్వాం.

వెనకవైపు రంధ్రంలో పెట్టగానే తెర వెలిగింది. సిస్టమ్‌ను ఎక్కడ వేయాలని అడిగింది. ఫార్మాట్ నొక్కితే పాతవన్నీ తుడిచిపెట్టుకుపోతాయి. నొక్కకుండా ముందుకు పోతే వాటిని ఒక పక్కన పెడుతుంది, డిస్క్ బాగుంటేనే. రోజూ చెప్పే పాఠమే. అయినా తెర మీదిది రెండుసార్లు చదువుకుని, ఫార్మాట్ నొక్కకుండా ముందుకు పోయాను.

ముగ్గులు దొరికాయి. అక్క ఏడ్చేసింది. కళ్లు తుడుచుకుని ఒక్కొక్కటీ తెరిచి చూస్తూ ఒకచోట ఆగింది.

"గిది తప్పు గీసినట్టున్న. అమ్మ గిట్ల వెయ్యకపోయేది."

"మరి సరిచెయ్యి."

"ఎట్లుండెనో యాదికొస్తలేదే. నీకు యాదున్నదా?"

కళ్లు మూసుకున్నాను. అమ్మ వంగి చుక్కలు పెట్టడం కనబడింది. ముగ్గు కనబడలేదు. కళ్లు తెరిచి, నాకూ గుర్తు లేదని అక్కతో చెప్పాను.