పట్టిసీమ వెళ్లే దారిలో, గడియ పడిన బాత్‌రూమ్‌లో

పదో తరగతి పేపర్లు దిద్దే డ్యూటీ ముగిసేసరికి ఒంట్లో సత్తువ లేదు. ఎవరితోనూ మాట్లాడక్కర్లేని ఒక్క రోజు కావాలనిపించి, ఒంటరిగా పట్టిసీమకు బయల్దేరాను. సాయంత్రానికి రాజమండ్రి చేరి, బస్టాండు దగ్గరి లాడ్జిలో తొమ్మిది వందలకు గది తీసుకున్నాను.

ఉదయం ఆరింటికి స్నానానికి వెళ్లి బాత్‌రూమ్ గడియ వేసుకున్నాను. తిరిగి తీయబోతే రాలేదు. ఫోను మంచం మీద ఉండిపోయింది. గది తలుపుకూ లోపలి నుంచే బోల్టు. మొదట కేకెయ్యడానికి సిగ్గేసింది. తర్వాత గొంతు పోయేలా అరిచినా ఎవరూ పలకలేదు. వెంటిలేటర్ తెరిచే ఉన్నా గాలి చాలడం లేదనిపించింది. ఎవరో నన్ను పేరు పెట్టి పిలిచినట్టు వినిపించేది, పలికితే ఎవరూ లేరు. గడియతో పెనుగులాడి గోళ్లు విరిగాయి. ఎంతసేపైందో తెలియదు. చివరికి తడి నేల మీద కూలబడి, ప్లాస్టిక్ మగ్గుతో పైపును కొడుతూ కూర్చున్నాను. ఏడుపు కూడా రాలేదు.

పై అంతస్తు గదులు ఊడుస్తున్న ఆవిడకు ఆ చప్పుడు వినబడింది.

"ఎవరండీ? లోపల ఇరుక్కుపోయారా ఏంటి?" పైనుంచి గొంతు వినిపించింది.

"గడియ రావట్లేదండీ. ఊపిరాడట్లేదు."

"కంగారు పడకండి. కిందకెళ్లి మేనేజర్ గారికి చెప్పొస్తాను."

"వెళ్లకండి!" అని అరిచాను.

"సరేనండి, వెళ్లను. ఇక్కడి నుంచే ఫోన్ చేస్తాను."

ఆవిడ పేరు సత్యవతి. మేనేజర్ పంపిన వడ్రంగి వచ్చేదాకా ఏ ఊరండి, పిల్లలెందరండి అని అడుగుతూనే ఉంది. మాటలు వద్దనుకుని వచ్చిన నేను, ఆ గొంతు ఎక్కడ ఆగిపోతుందోనని భయపడ్డాను. రెండు తలుపులూ ఊడదీశాక బయటికొచ్చి, సత్యవతి గారి చెయ్యి పట్టుకుని చాలాసేపు వదల్లేదు.

ఇక ఆ గదిలో ఉండలేక కొవ్వూరు మీదుగా బస్సులో పట్టిసీమ వెళ్లాను. గుడి గోదావరి మధ్య గుట్ట మీద ఉంది; పడవ దిగాక ఎండలో ఇసుక నడక, ఆపైన మెట్లు. గుడి లోపల జనం కిక్కిరిసి ఉన్నారు. గడప దగ్గరే కాళ్లు ఆగిపోయాయి.

"లోపలికి రండమ్మా," అన్నారు పూజారి గారు.

"ఇక్కణ్ణుంచే దణ్ణం పెట్టుకుంటానండి."

ఆయన నా ముఖం చూసి, తీర్థం బయటికే తెచ్చిచ్చారు.

వారాలు గడిచినా ఇంట్లో బాత్‌రూమ్ తలుపు దగ్గరగా వేస్తున్నానే తప్ప గడియ పెట్టలేకపోతున్నాను. ఆ కాసేపటికే ఇంత భయమా అని నన్ను నేనే తిట్టుకున్నాను. నన్ను కుంగదీసింది గది ఇరుకు ఒక్కటే కాదు, నేనక్కడ ఉన్నానని ఎవరికీ తెలియకపోవడం. ఒంటరిగా వెళ్లేవాళ్లకు ఒక్క మాట: "ఉదయం ఫలానా వేళకు నా ఫోన్ రాకపోతే నువ్వే చెయ్యి, ఎత్తకపోతే లాడ్జికి చెప్పు" అని ఇంట్లో ఒకరికి చెప్పి బయల్దేరండి.