మా కోడలి పిస్తోలుకి బొట్టు

మా కోడలు ఉమామహేశ్వరికి పిస్తోలు ఉందని చీరాలలో మావాళ్ళెవరికీ చెప్పలేదు. చెబితే అత్తగారు ఎంత గయ్యాళి అయితే ఆ పిల్ల గన్ను కొనుక్కుందో అనుకుంటారు. గయ్యాళినే, కాదనను. కానీ ఆ పిస్తోలు నా కోసం కొన్నది కాదు.

ఉమ ఇక్కడ అమెరికాలో, ప్లేనో అనే ఊళ్ళో ఒక కంపెనీలో సాఫ్ట్‌వేర్ పని చేస్తుంది. ఇంకొకళ్ళు చేసిన దాంట్లో తప్పులు వెతకడం దాని ఉద్యోగం. అదే పని నేను పెళ్ళైన దగ్గర్నుంచీ జీతం లేకుండా చేస్తున్నాను. ఇంట్లో మాత్రం అది ఎవరి తప్పూ ఎత్తి చూపదు. పచ్చట్లో ఉప్పెక్కువైతే ఇంకాస్త అన్నం కలుపుకుంటుంది తప్ప నోరెత్తదు. షాపువాడి చేత చీర మడత విప్పించినందుకు నచ్చకపోయినా కొనుక్కొచ్చే రకం. అలాంటి మనిషి, సిటిజన్ అయిన ఏడాది, ఆఫీసులో స్నేహితురాలు మనీషా వెంట రేంజ్‌కి వెళ్ళింది. రేంజ్ అంటే డబ్బులిచ్చి మరీ కాగితాన్ని కాల్చి వచ్చే చోటు. ఆడవాళ్ళకి క్లాసుందని సరదాగా వెళ్ళింది. మర్నాడు మళ్ళీ వెళ్ళింది. ఆ నెలాఖరుకి పిస్తోలు కొనుక్కుంది.

"చీపురుతో బొద్దింకను కొట్టడానికి చెయ్యి రాదు నీకు. గన్నెందుకే?" అన్నాను.

"బొద్దింక కదులుతుంది అత్తయ్యా. కాగితం కదలదు" అంది.

పిస్తోలు ఒక ఇనప పెట్టెలో ఉంటుంది. తూటాలు ఇంకో గదిలో, ఇంకో తాళం కింద ఉంటాయి. మొదట్లో నేను ఆ గది ముందు నుంచి నడిచేదాన్ని కూడా కాదు. తర్వాత తర్వాత అలవాటైపోయింది. శనివారం పొద్దున్నే చెవులకి కప్పుకునే డిప్పలు సంచిలో వేసుకుని వెళుతుంది. వచ్చేటప్పటికి మొహం తేటపడి ఉంటుంది. గుడికి వెళ్ళొచ్చినా అంత తేట రాదు దానికి.

నా కొడుకు ఫణికి ఇది ఇష్టం లేదు. వాడు భయస్తుడు, భక్తుడు. ఇంట్లోకి ఏ కొత్త వస్తువు వచ్చినా నువ్వులనూనెలో కుంకుమ రంగరించి బొట్టు పెట్టందే స్విచ్చి వెయ్యడు. మిక్సీకి పెట్టాడు, టీవీకి పెట్టాడు, గడ్డి కోసే మిషనుకి పెట్టాడు. గిన్నెలు కడిగే మిషనుకి లోపల పెడితే అది తన బొట్టు తనే కడిగేసుకుంది. పోయిన దసరాకి ఆయుధ పూజ చేస్తూ కారుకీ, లాప్‌టాపులకీ, నా కత్తిపీటకీ పెట్టాక, పిస్తోలు దగ్గర కాసేపు ఆగాడు.

"ఆయుధమే కదురా, నీకిష్టం లేకపోతే ఆయుధం కాకుండా పోతుందా?" అన్నాను.

గొణుక్కుంటూనే గొట్టం చివర, పైన చిన్న మొన ఉంటుందే, గురి చూసేది, దాని మీద ఎర్రగా ఒక బొట్టు పెట్టాడు.

ఆ వారం ఉమ తెచ్చిన కాగితం చూసి మేమే కాదు, అదీ ఆశ్చర్యపోయింది. కన్నాలన్నీ నడిమధ్యలో ఉన్నాయి. అంతకు ముందు కొన్నాళ్ళుగా ఒకటి పైకీ ఒకటి పక్కకీ పోతుంటే, చెయ్యి వణుకుతోందని దిగులు పడేది. అమ్మవారి దయ అన్నాడు ఫణి. రెండు మూడు వారాలకి బొట్టు అరిగిపోయింది. కన్నాలు మళ్ళీ చెల్లాచెదురు అయ్యాయి.

ఒకరోజు నేను చిక్కుడుకాయలు ఒలుస్తుంటే వచ్చి పక్కన కూర్చుంది.

"చేతిలో ఏం లేదు అత్తయ్యా. నాకు ఆ ముందు మొన మీది చుక్క కనబడట్లేదు. ఎర్రగా ఉన్నప్పుడు కనబడింది. అంతే."

"చత్వారం" అన్నాను. "నలభై దాటాక సూదిలో దారం ఎక్కకపోతే నేను సూదిని తిట్టేదాన్ని."

"దగ్గరి అద్దాలు పెట్టుకుంటే చుక్క కనిపిస్తుంది, కాగితం మసకైపోతుంది. ఎలాగిప్పుడు?"

దాని దిగులుకి కారణం ఉంది. రేంజ్‌లో ఆడవాళ్ళ జట్టొకటి ఉంది, నలుగురు. ఉమ అందులో నాలుగోది. పోటీల్లో లైట్లు బాగా తగ్గించి కాల్చే వంతు ఒకటి ఉంటుంది. అక్కడే దీని గుళ్ళు గల్లంతవుతున్నాయి. జట్టు చూసే పెద్దావిడ మంచిదే, కానీ మొహం మీదే చెప్పింది. వచ్చే ఆదివారం మసక వెలుతుర్లో గుళ్ళు కాగితం మీది వలయంలో పడితే జట్టులో ఉంటావు, లేకపోతే వేరే అమ్మాయి కాచుకుని ఉంది అని. ఉమకి రోషం వచ్చి ఫణితో అనేసింది.

"ఈసారి కూడా పడకపోతే గన్ను అమ్మేస్తానండీ. ఇంక మీరు నన్నేం అనక్కర్లేదు."

"నేనేమన్నాను? సరే, మాట మీద ఉండు" అన్నాడు వాడు. వాడి మొహంలో సంతోషం దాచుకోవడం రాలేదు.

అప్పుడు తెప్పించింది కొత్త సైట్లు, అంటే ఆ గురి చూసే మొనలు. అగ్గిపెట్టెంత డబ్బాలో వచ్చాయి. ముందుదొకటి, వెనకదొకటి. పాతవి తీసేసి ఇవి బిగించాలట. వీటిలో చీకట్లో వాటంతటవే వెలిగే చుక్కలున్నాయి. ముందు చుక్క చుట్టూ నారింజ రంగు వలయం కూడా ఉంది. అంటే మావాడు పెట్టిన బొట్టే, కంపెనీవాడు అరిగిపోకుండా పెట్టాడన్నమాట.

"షాపులో ఇస్తే వాళ్ళే ఫిక్స్ చేసిస్తారు కదా. ఇంట్లో ఎందుకీ గోల?" అన్నాడు ఫణి.

"నా గన్ను. నేనే ఫిక్స్ చేసుకుంటాను."

'నా' అన్న మాట దాని నోటివెంట వినడం అదే మొదలు నాకు. కారు మన కారు, జీతం మన జీతం, చివరికి దాని తలనొప్పి కూడా మన తలనొప్పి అన్నట్టే చెబుతుంది.

మనీషా తన దగ్గరున్న పనిముట్టు తెచ్చిచ్చింది. వెనక సైటు గాడిలో బిగుసుకుని ఉంటుంది, దాన్ని మరతిప్పి మెల్లగా పక్కకి నెట్టే ఇనప సామాను అది. మనీషాది వరంగల్.

"ఆంటీ, జర పక్కకు జరుగున్రి. కాలు మీద పడ్తే మీ అబ్బాయి నన్నంటడు."

"మా అబ్బాయి అనడు, పసుపు రాసి బొట్టు పెడతాడు" అన్నాను. అంతా వాడి గదిలోకి వినబడేట్టు నవ్వారు.

గురువారం ఉమ ఇంట్లోంచే పని చేసే రోజు. తూటాల డబ్బా గరాజ్‌లో పెట్టించి, పిస్తోలు ఖాళీగా ఉందని తను చూసుకుని, నాకూ చూపించి, అప్పుడు భోజనాల బల్ల మీద పాత తువ్వాలు పరిచింది. పాత సైట్లు తీసింది. ముందుదానికి అడుగున బియ్యపుగింజంత స్క్రూ ఉంది. వెనకది మొరాయించింది. ఉమ పళ్ళు బిగించి మర తిప్పుతూ తిప్పుతూ ఉంటే టక్కుమని కదిలింది. తర్వాత అన్నిటినీ స్పిరిటుతో తుడిచింది. స్క్రూ ఊడకుండా దానికి నీలం జిగురు ఒక బొట్టు వెయ్యాలట. ఏమాత్రం జిడ్డున్నా ఆ జిగురు పట్టదట. కొత్త ముక్కల్ని స్టీలు పళ్ళెంలో ఆరబెట్టింది. ఇంతలో ఆఫీసు మీటింగొచ్చి గదిలోకి వెళ్ళింది. నేను నా కునుకు తీయడానికి వెళ్ళాను.

లేచి వచ్చేసరికి ఫణి ఆఫీసు నుంచి వచ్చేసి ఉన్నాడు. ఉమ పళ్ళెం దగ్గర నిలబడి ఉంది. కొత్త సైట్ల మీద బొట్లు, స్క్రూ మీద బొట్టు, చుట్టూ అక్షింతలు.

"ఏవండీ, ఏంటిది?"

"కొత్తవి పళ్ళెంలో పెట్టావు కదా. పూజకనుకున్నాను."

వాడి తప్పేముంది? మా ఇంట్లో కొత్త వస్తువు స్టీలు పళ్ళెంలోకి ఎక్కిందంటే పూజకే. ఉమ ఒక క్షణం వాడి మొహం చూసింది. ఇష్టం లేని వస్తువుకి వాడంతట వాడొచ్చి బొట్టు పెట్టాడు, ఎలా తిడుతుంది? నవ్వేసి, టిష్యూతో తుడిచి, జిగురు వేసి బిగించేసింది. ఎర్రదనం పోయింది కదా, అయిపోయిందనుకుంది.

"అత్తయ్యా, రండి చూపిస్తాను" అని నన్ను బట్టలు పెట్టుకునే గదిలోకి తీసుకెళ్ళి తలుపు మూసింది. పట్టపగలు ఆ చీకట్లో, కోట్ల మధ్య ఇద్దరం నిలబడ్డాం. ముందొకటి, వెనక రెండు, మూడు చుక్కలు పచ్చగా, మిణుగురుల్లా వెలుగుతున్నాయి. కళ్ళజోడు లేకుండా నాకే కనిపించాయి.

"బాగున్నాయే" అన్నాను.

"అమ్మా, ఉమా, ఎక్కడున్నారు?" అని ఫణి బయట పిలుస్తున్నాడు. ఇద్దరం కోట్ల వెనక్కి ఇంకాస్త జరిగాం.

శనివారం పొద్దున ఎంత హుషారుగా వెళ్ళిందో అంత ముడుచుకుపోయి వచ్చింది. సంచి గుమ్మం దగ్గరే పెట్టేసింది.

"చుక్క బ్రహ్మాండంగా కనిపిస్తోంది అత్తయ్యా. మొదటివి బానే పడ్డాయి. తర్వాత అన్నీ ఎడమకి, ఎడమకి. ఇంక కన్ను మీద నెట్టడానికి కూడా లేదు. నాకే రాదు."

"రేపు ఇంకోసారి చూడు."

"చూసేదేం లేదు. వీటిని తీసేసి రిటర్న్ చేస్తాను. గన్ను అమ్మేస్తాను. మాటిచ్చాను కదా."

ఫణి సోఫాలో ఉన్నాడు. వాడు కోరుకున్నదే జరుగుతోంది. అయినా వాడికి ఆ మాట రుచించలేదని చేతిలో ఫోను పక్కన పడెయ్యడంలో తెలిసింది నాకు.

ఉమ మళ్ళీ తువ్వాలు పరిచి, ఖాళీగా ఉందని చూసుకుని, పైభాగం విప్పింది. స్క్రూకి రెంచి ఆనించిందో లేదో, ఆవలించినంత తేలిగ్గా తిరిగిపోయింది. అది ఆగింది. ముందు సైటుని వేలితో కదిపింది. చంటిపిల్లాడి పాలపన్నులా అటూ ఇటూ ఊగింది. స్క్రూ తీసి టిష్యూ మీద రుద్దితే ఎర్రగా జిడ్డు మరక పడింది. మరల సందుల్లో నువ్వులనూనె, కుంకుమ. వాటి మధ్య నీలం జిగురు గట్టిపడకుండా అలాగే నీరులా ఉంది.

"ఏవండీ, ఒకసారి ఇటు రండి."

ఫణి వచ్చి చూశాడు. వాడికి అర్థం కావడానికి ఎక్కువసేపు పట్టలేదు.

"అంటే నా బొట్టు వల్ల..."

"మీ బొట్టు వల్లే. నా చెయ్యి కాదు, నా కన్ను కాదు. సైటు పక్కకి తిరిగిపోయింది." అంటుంటే దాని గొంతులో కోపం లేదు. పరీక్ష తప్పాననుకున్న పిల్లకి నంబరు కనిపించినట్టుంది.

ఫణి వెళ్ళి స్పిరిటు సీసా, చెవి పుల్లలు తెచ్చుకుని కూర్చున్నాడు.

"జరుగు. నేను తుడుస్తాను."

"మీకెందుకండీ?"

"పెట్టినవాడిని నేను కదా."

ఆ స్క్రూ మరలు, అది దూరే కన్నం, గాడి మూలలు, అన్నీ ఒక్కొక్కటే తుడిచాడు. పుల్ల తెల్లగా వచ్చేదాకా వదల్లేదు. పిస్తోలుని వాడు చేత్తో పట్టుకోవడం అదే మొదలు. ఆ మాట పైకి అంటే చెయ్యి వెనక్కి తీసుకునేవాడు. ఉమ కొత్తగా జిగురు వేసి బిగించింది. ఒక రోజంతా కదపకూడదట. ఈసారి స్టీలు పళ్ళెంలో కాదు, చెప్పుల అట్టపెట్టెలో పెట్టింది.

"ఇందులో పెడితే ఏ దేవుడూ రాడు" అన్నాను.

ఆదివారం సాయంత్రం బయల్దేరేముందు ఫణి అలవాటు కొద్దీ కుంకుమ గిన్నెతో గుమ్మంలో నిలబడ్డాడు. పెట్టాలో వద్దో తెలియక గిన్నెని ఈ చేతిలోంచి ఆ చేతిలోకి మార్చుకుంటున్నాడు. ఉమ సంచి భుజాన వేసుకుని వాడి ముందుకొచ్చి ఆగింది.

"దానికొద్దు. నాకు పెట్టండి."

పెట్టాడు. నూనె బొట్టేమో, కారెక్కేలోపు ముక్కు మీదకి జారింది. తుడుచుకోలేదు.

నన్ను కూడా తీసుకెళ్ళారు. మందపాటి అద్దం వెనకాల బెంచీ మీద చెవులకి డిప్పలు తగిలించి కూర్చోబెట్టారు. లైట్లు తగ్గించారు. ఉమ వీపు తప్ప నాకేమీ కనపడలేదు. వీపు చాలు, కదల్లేదు. నా పక్కన ఫణి ఒక్కో చప్పుడికీ ఎగిరి పడుతూ, అయినా కళ్ళు మూసుకోకుండా చూశాడు.

లైట్లు వేశాక కాగితం చప్పుడు చేసుకుంటూ దగ్గరికి వచ్చింది. రెండు కన్నాలు వలయం బయట ఉన్నాయి, మిగతావన్నీ లోపలే. పెద్దావిడ చూసి తల ఊపి, ఉమ భుజం మీద ఒకటి వేసి వెళ్ళిపోయింది. అంతే, పెద్ద మాటలేం లేవు. నాలుగోది నాలుగోదిగానే ఉంది.

కార్లో ఫణి అడిగాడు.

"ఆ బయట పడ్డ రెండూ ఎందుకు పడ్డాయి?"

"అవి నావే. నేనే తొందరపడ్డాను" అంది ఉమ, చాలా సంతోషంగా.

ఇంటికొచ్చాక ఆ కాగితాన్ని ఫ్రిజ్ మీద అంటించింది. నేను చిక్కుడుకాయ కూర వేడి చేశాను. ముద్ద నోట్లో పెట్టుకుని ఆగింది.

"అత్తయ్యా, ఉప్పు ఎక్కువైంది" అంది.

"తెలుసు. మజ్జిగ పోసుకో" అన్నాను.