వంకలో వినబడిన టగ్గు కూత

దయ్యాలూ భూతాలూ అంటే నాకు ఏనాడూ నమ్మకం లేదు. గుంతకల్లులో రైలింజను అసిస్టెంట్ డ్రైవర్ని. శ్మశానాల పక్కన సిగ్నలు కోసం గంటలకొద్దీ ఆగినవాణ్ణి. అయినా తొంభైల చివర్లో, నా పెళ్ళినాడు జరిగింది చెప్పాలి.

మా పెదనాయన విశాఖలో నేవీ టగ్గు మీద ఇరవై ఆరేళ్ళు పనిచేశాడు. టగ్గంటే పెద్ద యుద్ధనౌకలకు తాడు కట్టి రేవులోకి లాగే చిన్న పడవ. రిటైరై మా ఊరు యాడికి వచ్చి సేద్యం చేసుకుంటున్నా ఆయన నోట ఎప్పుడూ దాని చరిత్రే. ఏ తుపానులో ఏ నౌకను పట్టుకుని నిలిచింది, ఎన్నిసార్లు ఇంజను మార్చారు, చివరికి తుక్కు కింద ఎలా కోశారు, అన్నీ చెప్పేవాడు. తాగడానికే నీళ్ళు లేని ఊళ్ళో ఓడ కథలేమిటని అందరూ ఆటపట్టించేవాళ్ళు. నేనూ తక్కువ తినలేదు.

ఒక్కటి మాత్రం ఇంటిల్లిపాదికీ కంఠతా వచ్చేసింది. టగ్గు ఐదు పొట్టి కూతలు వేస్తే ప్రమాదమని అర్థం, తాడు వదిలి దూకేయాలి.

పెళ్ళి అమ్మాయివాళ్ళ ఊరు కొత్తచెరువులో. ముహూర్తం పదిన్నరకు. ఏళ్ళ తరబడి మొహం చాటేసిన వాన సరిగ్గా ముందురోజే దంచికొట్టింది. పొద్దున ఎనిమిదికి మా పెళ్ళిబస్సు దారిలో వాగులాంటి ఒక వంక దాటుతూ బురదలో దిగబడింది. ముహూర్తం తప్పుతుందేమోనని నాకు ముచ్చెమటలు పోశాయి.

దగ్గరి ఊరినుంచి ట్రాక్టరు తెప్పించి మోకు కట్టాం. పెదనాయన పంచె ఎగ్గట్టాడు.

"తాడు పక్కన ఎవరూ నిలబడొద్దండప్పా! తెగిందంటే మనిషి మిగలడు!"

మావాళ్ళు వింటారా? మోకు కనబడితే చాలు, తేరు లాగినట్టు అందరూ చేతులు వేస్తారు. పెళ్ళిబట్టల్లో నేనే అందరికంటే ముందు.

మోకు బిగిసింది. అప్పుడు వినబడింది, బొంగురు కూత. పొట్టిగా, ఐదుసార్లు. ఆలోచించకుండా అందరం పక్కకు దూకాం. మరుక్షణం మోకు తెగి, మేం నిలబడ్డ చోటు మీదుగా వచ్చి బస్సు అద్దం పగలగొట్టింది.

ఆ దగ్గర్లో రైలు పట్టాలు లేవు. ఇంజను కూత నాకు అన్నం పెట్టే కూత, అది ఇంజనుది కానే కాదు. ట్రాక్టరుకు హారనే లేదు. బస్సుది పీపీమంటుంది. పెదనాయన కథలు ఎరగని ట్రాక్టరు డ్రైవరు కూడా, "యాడనుంచి వచ్చిందప్పా ఆ కూత?" అని దిక్కులు చూశాడు.

పెదనాయన కళ్ళనిండా నీళ్ళు. "మా టగ్గేరా అది," అన్నాడు. దాన్ని కోసేసి అప్పటికి మూడేళ్ళు.

రెండో మోకు ఆయన చెప్పినట్టే కట్టాం, దూరంగానే నిలబడ్డాం. బస్సు ఒడ్డెక్కింది. బురద పంచెతోనే, వేళకే తాళి కట్టాను.

మర్నాడు తిరుగు ప్రయాణంలో పెదనాయన వంక దగ్గర బస్సు ఆపించాడు.

"కూత వినబడితే తిరుగు కూత ఇయ్యాల. నిన్న నేను ఇయ్యలేదు."

దిగి, అరచేతులు నోటికి పెట్టుకుని పొడుగ్గా ఒక కూత వేశాడు. బస్సంతా విరగబడి నవ్వింది, కొత్త పెళ్ళికూతురితో సహా. నేనూ దిగి, ఆయన పక్కన నిలబడి, గట్టిగా కూత వేశాను. ఎవరికి వేశానో ఇప్పటికీ తెలియదు.